లైమన్ ఎలా పోయాడు

రాపహానాక్ నది దగ్గర శిబిరం, వర్జీనియా
1863 సెప్టెంబరు 12

ఆర్ఫా అక్కయ్యకు,

ఈ ఉత్తరం నిలబడి చదవకు, కూర్చో. బావ పోయాడు. నిన్న శుక్రవారం మధ్యాహ్నం. జ్వరం. నెల రోజులుగా ఈ నది గాలికి మా పటాలంలో సగంమంది పడకేశారు, నీకు తెలిసిందే. పెద్దగా బాధపడలేదు. పాస్టరు గారు చివరిదాకా పక్కనే ఉండి ప్రార్థన చేశారు. రైలుకట్టకు దక్షిణాన ఒక మైదానం అంచున పూడ్చాం.

బావ చాకు, దువ్వెన, నువ్వు అల్లి పంపిన మేజోళ్లలో ఒక జత, నువ్వూ పిల్లలూ ఉన్న రేకు ఫోటో ఈ మూటలో పంపుతున్నాను. రెండో జత మేజోళ్లు కాళ్లకు ఉండగానే పూడ్చాం.

ఇంతకన్నా ఏం రాయాలో తెలియడం లేదక్కా. రేపో మాపో నది దాటమంటున్నారు. హెట్టీని ముద్దాడానని చెప్పు.

నీ తమ్ముడు
ఆల్వా


లోవెట్ కార్నర్, మెయిన్
1863 సెప్టెంబరు 27

తమ్ముడు ఆల్వాకు,

మూట అందింది. దువ్వెన పళ్లలో రెండు వెంట్రుకలు ఉన్నాయి. వాటిని తియ్యలేదు.

ఫీబీ పోయి ఇవాళ్టికి ఏడు వారాలు. ఏడు వారాల్లో ఇద్దరు. ఇరుగుపొరుగు ఏదో ఒకటి వండి తెచ్చి గడపలో పెట్టి వెళ్లిపోతున్నారు. ఎవరూ లోపలికి రావడం లేదు. ఫీబీకి కంఠసర్పి పట్టినప్పుడు భయపడి రాలేదు, అది అర్థమయింది. ఇప్పుడెందుకు రారో అర్థం కాలేదు.

నేను అడిగేవాటికి జవాబు రాయి. ఆగస్టు పదకొండున మీ బావకు ఒక ఉత్తరం రాశాను. అందిందా? బిడ్డ పోయిందని తెలిసే పోయాడా, తెలియకుండానా? జ్వరం ఎన్నాళ్లుంది? మిసెస్ డన్నెల్ కొడుకు పోయినప్పుడు మీ కెప్టెన్ ఆవిడకు రెండు పేజీలు రాశాడు. నాకు ఒక్క ముక్క రాలేదు. పని ఒత్తిడా?

ఇంకొకటి. లైమన్‌కు ఒళ్లు కాలితే ఊరికే కలవరిస్తాడు. దుంగలు లాగే ఎద్దులను పేరుపెట్టి పిలుస్తాడు. చివర్లో వాటిని పిలిచాడా? ఎవరిని పిలిచాడో రాయి. నాకు అదొక్కటి చాలు.

బంగాళాదుంపలు నేనే తవ్వుతున్నాను. హెట్టీ నా వెనకే కుండ పట్టుకుని తిరుగుతోంది. గొంతు పూర్తిగా నయమైంది, మాట మాత్రం ఇంకా బొంగురుగా ఉంది.

అక్క
ఆర్ఫా


బ్రిస్టో స్టేషన్ దగ్గర
1863 అక్టోబరు 25

అక్కయ్యకు,

ఆలస్యానికి ఏమీ అనుకోకు. రెండు వారాలుగా వెనక్కి నడక, ముందుకు నడక. కాళ్లు కాళ్లలా లేవు.

జ్వరం తొమ్మిది రోజులుంది. నీ ఉత్తరం అందలేదు. ఫీబీ సంగతి తెలియకుండానే పోయాడు, ఉన్నంతలో అదే మేలనుకో. అవును, ఎద్దులను పిలిచాడు. బ్రైట్‌నీ డ్యూక్‌నీ. కొండ దిగేటప్పుడు అదిలించినట్టు అదిలించాడు. తర్వాత నీ పేరు పిలిచాడు. తర్వాత నిద్రలోకి జారుకున్నాడు.

కెప్టెన్‌కు చేతికి గాయమైంది, అందుకే రాయలేదు.

నన్ను సార్జెంటును చేశారు. నాన్న ఉంటే సంతోషించేవాడేమో. నాకేమీ అనిపించలేదు.

ఆల్వా


లోవెట్ కార్నర్
1863 నవంబరు 22, ఆదివారం

ఆల్వాకు,

మీ బావకు జ్వరం వస్తే నోరు విప్పడు. గోడవైపు తిరిగి పడుకుని, నీళ్లు కావాలన్నా చెయ్యి చూపిస్తాడు తప్ప పలకడు. ఆరేళ్లు కాపురం చేశాను, నాకు తెలుసు. కలవరిస్తాడని రాసింది అబద్ధం. నువ్వు నిజం రాస్తున్నావో లేదో చూద్దామని రాశాను. నువ్వు ఎద్దుల పేర్లతో సహా రాశావు.

పోయిన ఆదివారం చర్చిలో, ఈ ఏడాది యుద్ధంలో పోయిన మన ఊరివాళ్ల పేర్లు చదివారు. ఏడు పేర్లు. నేను హెట్టీని ఒళ్లో పెట్టుకుని ఎనిమిదోది చదువుతారని కూర్చున్నాను. చర్చి పెద్ద డీకన్ హస్కెల్ కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. మరిచిపోయాడేమో గుర్తు చేద్దామని లేవబోతే పక్కనున్న మిసెస్ డన్నెల్ నా చెయ్యి పట్టుకుని, "వద్దమ్మా, ఇంటికి పద" అంది. తల తిప్పి చూస్తే ఒక్కరు నా కళ్లలోకి చూడలేదు. అందరికీ తెలుసురా. ఇంతమంది కొడుకులు ఇన్ని ఉత్తరాలు రాశారు, ఊళ్లో నాకొక్కదానికే తెలియదు.

అక్కడి నుంచి తిన్నగా రూఎల్ పింకమ్ ఇంటికి వెళ్లాను. దగ్గితే రక్తం పడుతోందని పది రోజుల కింద మీ కంపెనీ నుంచి ఇంటికి పంపేశారు కదా. వాళ్లమ్మ గుమ్మంలో అడ్డంగా నిలబడింది. "వాడికి మాట్లాడే ఓపిక లేదు" అంది. లోపలి నుంచి వాడే అన్నాడు: "రానియ్యవే అమ్మా. ఎలాగూ పోయేవాణ్ని. ఇదొకటి గుండెల మీద పెట్టుకుని పోవాలా?"

పొయ్యి పక్కన దుప్పటి కప్పుకుని ఉన్నాడు. నేను అడగకముందే అన్నాడు.

"జ్వరం కాదు వదినా. మనవాళ్లే కాల్చేశారు. పారిపోయాడని."

"లైమనా?" అన్నాను. "గెటిస్‌బర్గ్‌లో మూడు రోజుల యుద్ధంలో కదలకుండా నిలబడ్డాడని నువ్వే రాశావు కదా మీ అమ్మకు."

"నిలబడ్డాడు. నన్ను వీపున వేసుకుని మోసింది కూడా వాడే. అదేదీ లెక్కలోకి రాలేదు."

"ఎందుకు పారిపోయాడు?"

వాడు చాలాసేపు దగ్గాడు. తర్వాత, "మీ తమ్ముణ్ని అడుగు వదినా. వాడికి నాకన్నా ఎక్కువ తెలుసు" అని అటు తిరిగాడు.

అందుకని అడుగుతున్నాను. ఈసారి ఎద్దులొద్దు.

ఆర్ఫా


బ్రాండీ స్టేషన్ దగ్గర శిబిరం
1863 డిసెంబరు 9

అక్కా,

మైన్ రన్ వాగు దగ్గర మూడు రోజులు మంచులో పడుకుని లేచి వచ్చాం. శత్రువుల కందకాల మీదికి పరిగెత్తమంటారని, అందరం పేర్లు కాగితం ముక్కల మీద రాసి కోటుకు గుచ్చుకున్నాం. చివరి ఘడియలో వద్దన్నారు. నేను నా పేరు గుచ్చుకుంటూ, ఇవాళ పోతే అక్కకు రాయనక్కర్లేదు కదా అనుకున్నాను. పోలేదు. రాస్తున్నాను.

నీ ఉత్తరం ఆగస్టు పందొమ్మిదిన అందింది. బావ గుడారం బయట చదివాడు. మడిచి టోపీలో పెట్టుకున్నాడు. నాకేం చెప్పలేదు. తిన్నగా కెప్టెన్ దగ్గరికి వెళ్లి సెలవడిగాడు. "సెలవులు ఆపేశారు. నా కంపెనీలో జబ్బు పిల్ల లేనివాడు ఎవడున్నాడో చూపించు" అన్నాడట కెప్టెన్. నాలుగు రోజులు బావ ఎవరితోనూ మాట్లాడలేదు. నువ్వన్నట్టే, గోడ ఉంటే గోడవైపు తిరిగేవాడేమో.

ఇరవై నాలుగున తెల్లారేసరికి నేను ఇద్దరు మనుషులతో శిబిరం వెనక రైలు వంతెన కాపలాలో ఉన్నాను. వాళ్లిద్దరూ అవతలి చివర కాఫీ కాచుకుంటున్నారు. బావ కట్ట కింది నుంచి వచ్చాడు. తుపాకీ లేదు. బూట్లు మెడకు వేలాడుతున్నాయి.

"నువ్వేనా ఇక్కడ" అన్నాడు. "మంచిదే అయింది. కాసేపు అటు తిరిగి నిలబడు, ఏరు ఎంత బాగుందో చూడు."

"ఎక్కడికి బావా?"

"ఇంటికి. ఫీబీ పోయిందిరా. మీ అక్క ఒక్కతే గొయ్యి తవ్వుకుందిట. మన కొండ నేల నీకు తెలియదా, పారకు రాయి తప్ప మట్టి తగలదు. హెట్టీకి కూడా గొంతు పట్టుకుందిట. వెళ్లి చూసి వస్తాను. వచ్చాక వీళ్లిష్టం."

"మెయిన్ దాకా నడుస్తావా?"

"గెటిస్‌బర్గ్ దాకా నడిపించలేదూ? అదేమైనా మా అత్తారిల్లా?"

నవ్వుతూనే అన్నాడు. నేను నవ్వలేదు. వాషింగ్టన్ కూడా దాటలేవు, వంతెన వంతెనకూ కాపలా ఉంది, పట్టుకుంటే కాలుస్తారు అన్నాను. ఇంకా హాజరు పిలవలేదు, నాతో వచ్చెయ్, కెప్టెన్‌తో నేను మాట్లాడతాను, పది రోజులు శిక్షగా మొద్దు మోయిస్తారు, అంతే అన్నాను. నిజంగా అంతేననుకున్నానక్కా. సగం అదే. మిగతా సగం, ఆ ఇద్దరూ చూస్తే నా గతేమిటన్న భయం. నిజం అడిగావు కాబట్టి రెండూ రాస్తున్నాను.

నా మొహంలోకి చూశాడు. "నీ మాట మీద వస్తున్నానురా" అన్నాడు. కూర్చుని బూట్లు తొడుక్కున్నాడు.

మేము వెళ్లేసరికి హాజరు అయిపోయింది. పేరు పైకి వెళ్లిపోయింది. ఆ నెలలో పారిపోయేవాళ్లు ఎక్కువై, నలుగురిని కాల్చి చూపించి మిగతావాళ్లను ఆపాలని పైనుంచి ఉత్తర్వు వచ్చిందట. నాకు తెలియదు. సైనిక కోర్టులో నన్ను సాక్షిగా పిలిచారు. తనంతట తనే తిరిగొచ్చాడని చెప్పాను. "నువ్వు వంతెన మీద లేకపోతే ఆగేవాడా?" అని అడిగారు. బైబిలు మీద చెయ్యి ఉంది. ఆగేవాడు కాదన్నాను. ఆ ఒక్క మాటే రాసుకున్నారు. నీకు ఇన్ని అబద్ధాలు రాసినవాణ్ని, అక్కడ ఒక్కటి చెప్పలేకపోయాను.

ఇంకొకటుంది. నీ ఉత్తరం. అది చూపిస్తే జాలిపడతారేమోనని అడిగాను. కాపలా గుడారంలో బేడీలతో ఉన్నాడు. టోపీలోంచి మేజోడులోకి మార్చుకున్నట్టున్నాడు, అందులోంచి తీసి నా చేతిలో పెట్టాడు కానీ, చూపించనని ఒట్టు వేయించుకున్నాడు.

"బిడ్డను పూడ్చిన చేతుల్తో రాసిన మాటలురా అవి. కోర్టులో ఆఫీసర్లు మీసాలు దువ్వుకుంటూ చదవడానికి కాదు. పైగా అది బయటపడితే నన్ను చంపింది మీ అక్కేనని ఊరంతా అంటారు. దాన్ని ఆ ఊళ్లో బతకనివ్వరు."

నేను ఒట్టు నిలబెట్టుకున్నాను. తర్వాత విన్నాను, పక్క పటాలంలో ఒకడి భార్య రాసిన ఉత్తరం చదివి శిక్ష తగ్గించారని. మనదీ తగ్గించేవాళ్లో లేదో దేవుడికి తెలియాలి.

సెప్టెంబరు పదకొండున డివిజన్ అంతటినీ మైదానంలో మూడు వైపులా నిలబెట్టారు. నేను రెండో వరసలో ఉన్నాను. బావను తన శవపెట్టె మీదే కూర్చోబెట్టారు. కళ్లకు గుడ్డ కడుతుంటే, "కాస్త వదులుగా కట్టు బాబూ, తలనొప్పి పుడుతుంది" అన్నాడట. కట్టినవాడు తర్వాత వచ్చి నాతో చెప్పి ఏడ్చాడు. మొదటి విడత తుపాకులకు పోలేదు. మిగతాది అడగొద్దు. అడిగితే రాస్తాను.

వారం తిరక్కుండా నాకు సార్జెంటు పట్టీ ఇచ్చారు. దగ్గరి బంధువని చూడకుండా విధి నిర్వహించాడని కాగితంలో రాశారు.

నువ్వు నన్నేమన్నా పడతాను.

ఆల్వా


లోవెట్ కార్నర్
1864 జనవరి 17

ఆల్వాకు,

నీ ఉత్తరం వచ్చి మూడు వారాలైంది. మొదటి వారం నిన్ను చంపాలనుకున్నాను. రెండో వారం నీ పేరు తలవలేదు. ఇప్పుడు రాస్తున్నది జాలితో కాదు. నువ్వు రెండూ రాశావు కాబట్టి నేనూ రాయాలి.

ఆ ఉత్తరంలో ఏముందో నువ్వు చదివే ఉంటావు. ఇప్పుడు రాకపోతే నువ్వు నాకు మొగుడివీ కావు, పిల్లలకు తండ్రివీ కావు అని రాశాను. అది ఫీబీ పోయిన రెండో రోజు. దానికి నన్ను నేను క్షమించుకోగలను.

నీకు తెలియంది ఇది. హెట్టీ ఆగస్టు పద్నాలుగున లేచి కూర్చుంది. కప్పు పాలు తాగింది, ఇంకా కావాలంది. గొంతులో తెల్ల పొర ఊడిపోయింది. గండం గడిచిందని ఆ పూటే నాకు తెలుసు. పోస్టు బండి మా గుమ్మం ముందు నుంచే వెళ్లింది. హెట్టీ బాగుంది, రావద్దు అని ఒక్క ముక్క రాస్తే సరిపోయేది. రాయలేదు. హెట్టీ బాగుందని తెలిస్తే రాడని రాయలేదు. ఆ ఖాళీ మంచం ఎదురుగా నాకు ఆయన కావాలి. బిడ్డ జబ్బు కాదు, నా ఒంటరితనం రప్పించింది ఆయన్ని. నెలాఖరుకు రాశాను. అప్పటికి బేడీలు వేశారు. ఆ రెండో ఉత్తరం ఎవరు చదివారో, ఎక్కడ పడిందో.

నువ్వు వంతెన మీద వెనక్కి తిప్పావు. నేను శిబిరంలోంచి లేపాను.

ఊరంతా నన్నే అంటారని భయపడ్డాడు కదా. ఆయన ఒట్టు నీకు, నాకు కాదు. పోయిన ఆదివారం ప్రార్థన మధ్యలో లేచి నిలబడ్డాను. డీకన్ హస్కెల్, "కూర్చో తల్లీ, తర్వాత మాట్లాడదాం" అన్నాడు.

"కూర్చుంటాను. మా ఆయన పేరు చదివాక" అన్నాను.

"ఆ పేర్లు దేశం కోసం పోయినవాళ్లవమ్మా."

"గెటిస్‌బర్గ్‌లో నిలబడింది దేశం కోసమే. ఇంటికి బయల్దేరింది నేను పిలిస్తే. పిరికితనంతో కాదు. పాపముంటే నాది. నా పేరు తీసెయ్యండి ఏ పుస్తకంలోంచి తీసేస్తారో. ఆయన పేరు చదవండి."

హస్కెల్ చదవలేదు. పాట మొదలుపెట్టమని సైగ చేశాడు. ఎవరూ పాడలేదు, ఎవరూ కదల్లేదు. అప్పుడు వెనక బెంచీలోంచి రూఎల్ లేచాడు. వాళ్లమ్మ కోటు పట్టుకుని లాగుతోంది. "లైమన్ థేయర్" అన్నాడు గట్టిగా. దగ్గు వచ్చింది. దగ్గు ఆగాక మళ్లీ, "లైమన్ థేయర్, మా కంపెనీ" అన్నాడు. అంతే. నేను కూర్చున్నాను.

రూఎల్ బుధవారం పోయాడు. వాడి సమాధికి నేను వెళ్తే వాళ్లమ్మ పక్కకు జరిగి చోటిచ్చింది.

నువ్వు కొన్నాళ్లు నాకు రాయకు. నీ అక్షరాలు చూస్తే ఆ మైదానం కనపడుతోంది. రాయాల్సి వస్తే నేనే రాస్తాను.

ఆర్ఫా


బ్రాండీ స్టేషన్
1864 మే 3

అక్కా,

రాయొద్దన్నావు. మూడున్నర నెలలు రాయలేదు. రేపు రాపిడాన్ నది దాటుతున్నాం. ఈసారి వెనక్కి తిరగడం ఉండదని అంటున్నారు. అందుకే ఈ ఒక్కటి.

మార్చిలో ఒక పూట సెలవు దొరికితే రాపహానాక్ తీరానికి, బావను పూడ్చిన చోటికి వెళ్లాను. అలాంటివాళ్ల గోతుల మీద గుర్తు ఉండకూడదని నేల చదును చేయించి, పైనుంచి గుర్రాలను నడిపించారు. అయినా వెతికి పట్టుకున్నాను. నువ్వు ఎప్పుడైనా వస్తే, నది మీది రైలు వంతెన దగ్గర కట్ట దిగు. దక్షిణంగా పొగగొట్టం మాత్రం మిగిలిన ఒక ఇల్లుంటుంది. దాని పొయ్యి రాయి మీద నిలబడి నదికి వీపు పెట్టు. ఎదురుగా నూట ఇరవై అడుగులు. నావి పెద్ద అడుగులు, నీకు నూట నలభై పడతాయేమో. బిస్కట్ల పెట్టె చెక్క మీద పేరు చెక్కి, పైకి కనపడకుండా జానెడు లోతున అడ్డంగా పాతాను. తవ్వితే తగులుతుంది.

పట్టీ వాపసు ఇస్తానన్నాను. కెప్టెన్ నవ్వి, "సార్జెంట్లు దొరకడం లేదు, ఉంచుకో. ఎలాగూ ఎక్కువ రోజులు పెట్టుకోవు" అన్నాడు.

నువ్వు బావకు రాసిన ఉత్తరం ఇందులో పెట్టాను. అది నా దగ్గర ఉండగా నేను పోతే ఎవరి చేతికో చిక్కుతుంది. దాని మీద మరకలు బావ కాళ్ల చెమటవి. మరేమీ కాదు.

ఆల్వా


లోవెట్ కార్నర్
1864 జూన్ 12

తమ్ముడు ఆల్వాకు, వాషింగ్టన్ ఆసుపత్రిలో

నీ నర్సు రాసింది. అడవిలో జరిగిన పోరులో కుడి చెయ్యి పోయిందనీ, భుజం దగ్గర తీసేశారనీ, గాయం మానుతున్నా నువ్వు మానడం లేదనీ. పెట్టింది తినవట. గోడవైపు తిరిగి పడుకుంటావట. పేరు అడిగితే కూడా చెప్పలేదట, నీ కోటుకు గుచ్చిన కాగితంలో పేరూ ఊరూ చూసి నాకు రాసిందట. ఈ ఉత్తరం ఆవిడే చదివి వినిపిస్తుంది. వినిపించనివ్వు. ఇక మనకు దాచేదేముంది.

నిన్ను క్షమించానని రాస్తే హాయిగా ఉంటుంది. రాయలేను. లేదని రాయడానికీ చెయ్యి రావడం లేదు. పొద్దున పాలు పితికేటప్పుడు ఒకలా ఉంటుంది, మధ్యాహ్నం చేలో ఒకలా ఉంటుంది. నా సంగతి నాకూ అలాగే ఉంది.

హెట్టీకి నాలుగేళ్లు నిండాయి. డన్నెల్ వాళ్ల పిల్లలు ఏదో అన్నట్టున్నారు. నిన్న కోళ్లకు గింజలు చల్లుతూ, "నాన్న ఎలా పోయాడు?" అంది. జ్వరంతో అని నాలుక చివరి దాకా వచ్చింది. ఎంత తేలికైన మాటరా అది. నువ్వు ఎందుకు రాశావో అప్పుడు తెలిసింది. నేను మింగేశాను.

"కొంచెం పెద్దయ్యాక చెబుతాను" అన్నాను.

"నువ్వు చూశావా?"

"లేదు."

"ఎవరు చూశారు?"

"మావయ్య చూశాడు."

"అయితే మావయ్యే చెప్పాలి" అని గింజల గిన్నె నా చేతికిచ్చి వెళ్లిపోయింది.

దానికి నేను మాటిచ్చాను ఆల్వా. పన్నెండేళ్లు వచ్చాక కూర్చోబెట్టి చెబుతామని. ఆగస్టు పద్నాలుగున పాలు తాగిన సంగతి నేను చెబుతాను. వంతెన సంగతి, కోర్టు సంగతి, మైదానం సంగతి నువ్వు చెప్పాలి. మొదటి విడత తర్వాత ఏం జరిగిందో కూడా. నేను అడగలేదు, అది అడిగితే చెప్పాలి. విన్నాక అది మనిద్దరినీ ఏమన్నా పడదాం. వెళ్లగొడితే వెళ్దాం.

అంటే ఇంకా ఎనిమిదేళ్లు. అప్పటిదాకా నీకు చావడానికి వీల్లేదు.

పై గదిలో మంచం వేశాను. బూట్లు లాగడానికీ, రొట్టె కోయడానికీ ఎడమ చెయ్యి సరిపోతుంది, మిగతాది నేర్చుకుందువు. ప్రయాణం చెయ్యొచ్చని డాక్టరు ఎప్పుడంటే అప్పుడు పోర్ట్‌లాండ్ దాకా బండి కట్టుకుని వస్తాను.

ఇటు తిరిగి పడుకో. ఆ నర్సు అమ్మాయి గిన్నె పట్టుకుని నిలబడి ఉంటుంది. తాగు.

ఆర్ఫా